బావమరిది రైఫిలు

మే నెలలో ఒక ఆదివారం టెక్సస్‌లోని ఫ్రిస్కో నుంచి మా బావమరిది శ్రీకాంత్ ఫోన్ చేశాడు. ఉద్యోగం షికాగోకి మారుతోందట, జులైకల్లా నేపర్‌విల్ వచ్చేస్తామన్నాడు. స్కూళ్లు ఎలా ఉంటాయి, ప్రాపర్టీ టాక్స్ ఎంత, అరోరా బాలాజీ గుడికి ఎంతసేపు పడుతుంది, చలికి ఏం కొనాలి, అన్నీ అయ్యాయి. ఫోన్ పెట్టేసే ముందు గొంతు తగ్గించి, "బావా, మరి నా రైఫిల్ సంగతేంటి? మీ ఇల్లినాయిస్‌లో అది నేరం కదా?" అన్నాడు.

"అమ్మేసి రా" అన్నాను. క్షణం కూడా ఆలోచించలేదు.

ఆలోచించకుండా అన్నందుకు తర్వాత నాకే అదోలా అనిపించింది. షికాగో దగ్గర హైలాండ్ పార్క్‌లో పెరేడ్ మీద జరిగిన కాల్పుల తర్వాత, ఏఆర్-15 లాంటి రైఫిళ్లు నిషేధించాలని ఎవరు కాగితం తెచ్చినా సంతకం పెట్టినవాణ్ణి. 2023 జనవరి 10న గవర్నర్ ప్రిట్స్‌కర్ ఆ చట్టం మీద సంతకం చేస్తే, హమ్మయ్య, ఒక పని అయిందనుకున్నాను. కానీ దాన్ని మొదటి నుంచి చివరి దాకా చదివింది మాత్రం శ్రీకాంత్ ఫోన్ చేసిన రాత్రే.

ఇరవై ఏళ్లుగా ఇక్కడే ఉంటున్న నేను రేపు షాపుకెళ్లి ఏఆర్-15 కొనలేను. టెక్సస్ నుంచి సామాన్ల ట్రక్కుతో దిగే మా బావమరిది మాత్రం తనది తెచ్చుకోవచ్చు! వచ్చిన 60 రోజుల్లో ఫాయిడ్ కార్డుకి అప్లై చేసి, స్టేట్ పోలీసులకి ఆన్‌లైన్‌లో ఒక అఫిడవిట్ ఇస్తే సరిపోతుంది. (ఇల్లినాయిస్ బయట ఉన్నవాళ్ల కోసం: ఫాయిడ్ అంటే తుపాకీకే కాదు, తూటాలు కొనడానికి కూడా ఇక్కడ ఉండాల్సిన కార్డు. 1968 నుంచీ ఉంది.)

మర్నాడు వాడికి ఫోన్ చేసి, "తెచ్చుకోవచ్చట్రా" అన్నాను. వాడు పెద్దగా నవ్వాడు. "మరి మీరు నిషేధించింది దేన్ని బావా?"

అప్పట్నుంచీ ఆ ప్రశ్న నన్ను వదల్లేదు.

ఆలెన్ తర్వాత

వాడు ఆ రైఫిల్ ఎప్పుడు కొన్నాడో చెప్పాలి. 2023 మే 6న టెక్సస్‌లో ఆలెన్ అవుట్‌లెట్స్‌లో ఒకడు ఏఆర్-15 రకం రైఫిల్‌తో 8 మందిని చంపాడు. వాళ్లలో మన హైదరాబాద్ అమ్మాయి ఉంది, ఇంజనీరు. డాలస్‌లో ఉండే తెలుగువాళ్లలో ఆ మాల్ తెలియనివాళ్లు ఉండరు. ఇండియా ప్రయాణం పెట్టుకుంటే చుట్టాలకి బెల్టులూ పర్సులూ షర్టులూ కొనేది అక్కడే. మా బావమరిది భార్య అంతకుముందు వారమే అక్కడ మూడు గంటలు తిరిగింది.

ఆ వార్త చూసి, ప్రతి రాష్ట్రంలోనూ మాలాంటి చట్టం రావాలని నేను వాట్సాప్ గ్రూపుల్లో చేటభారతాలు రాశాను. అదే వార్త చూసి నెల తిరక్కుండా శ్రీకాంత్ రైఫిల్ కొన్నాడు. అసలు వాడికి తుపాకుల సరదా కొత్తది కాదు. హెచ్-1బి మీద ఉన్న రోజుల్లోనే హంటింగ్ లైసెన్స్ తీసుకున్నాడు. ఆ వీసా మీద ఉన్నవాళ్లు తుపాకీ పట్టుకోకూడదు, వేట లైసెన్సో మరో మినహాయింపో ఉంటే తప్ప. పావురాన్ని అదిలించడానికి కూడా మనసొప్పని మనవాళ్లు ఎంతమంది షూటింగ్ రేంజ్‌కి వెళ్లడం కోసం ఆ లైసెన్సు తీసుకున్నారో లెక్కలేదు. కానీ రైఫిల్ కొనడం మాత్రం సరదా కాదు, భయం. "మన ఇళ్లల్లో బంగారం ఉంటుందని దొంగలకి తెలుసు బావా. మా వీధిలో ఒక్క దీపావళికే రెండిళ్లల్లో దొంగలు పడ్డారు" అన్నాడు. వాళ్ల అక్క, అంటే మా ఆవిడ, పక్కనుంచి అందుకుంది: "దొంగలొచ్చేది ఇంట్లో ఎవరూ లేనప్పుడు కదరా. నగలతో పాటు నీ రైఫిల్ కూడా పట్టుకుపోతారు." దానికి వాడు జవాబు చెప్పలేదు. చెప్పకపోయినా భయం భయమే.

ఆ డిసెంబరులో మేం ఫ్రిస్కో వెళ్లినప్పుడు నన్ను రేంజ్‌కి తీసుకెళ్లాడు. నేను అంతకుముందు జీవితంలో ఒక్కసారే తుపాకీ పేల్చాను, పద్నాలుగేళ్లప్పుడు, కడప జిల్లాలో మా ఊళ్లో, మా తాత రెండు గొట్టాల తుపాకీతో. దెబ్బకి భుజం రెండు రోజులు పట్టేసింది. ఈ రైఫిల్ కూడా అలాగే తంతుందని పళ్లు బిగబట్టి నొక్కాను. ఏమీ లేదు. ఎవరో వెనక నుంచి భుజం మీద తట్టినట్టు అనిపించింది, అంతే. ఇంకోటి నొక్కాను. ఇంకోటి. పేలిన తూటా డొల్ల ఒకటి ఎగిరొచ్చి కాలర్ లోపల పడి మెడ చురుక్కుమంది. గంతులేస్తూ షర్టు దులుపుకుంటుంటే శ్రీకాంత్ నవ్వుతున్నాడు. దులుపుకున్నాక చూస్తే మ్యాగజైన్ (తూటాలు పెట్టే డబ్బా) ఖాళీ. ముప్పై తూటాలు. ఇరవై గజాల దూరంలో కాగితం మీద, నాలాంటి చేతగానివాడివి, ఇరవైకి పైగా చిల్లులు. తాత తుపాకీ అయితే రెండు పేల్చాక మడత విప్పి, ఖాళీవి తీసి, కొత్తవి పెట్టుకుని, మళ్లీ మూయాలి. ఈలోగా పిట్టలన్నీ పక్క ఊరు చేరేవి.

ఆ సులువు చూసి నాకు నిజంగా భయమేసింది. ఇప్పటికీ ఈ చట్టాల పక్షాన నన్ను నిలబెట్టేది పేపర్లో చదివిన వాదనలేవీ కాదు, ఆ పది నిమిషాలే.

పిడి ఉంటే నేరం, లేకపోతే కాదు

అయితే చట్టం ఆ సులువును పట్టుకుందా? ఇక్కడే నాకు చిక్కొచ్చింది.

మన చట్టంలో రైఫిళ్ల పేర్ల జాబితా ఒకటి ఉంది. అది కాక లక్షణాల పరీక్ష ఒకటి. సెమీ ఆటోమేటిక్ (నొక్కినప్పుడల్లా ఒక తూటా పేలేది) అయి, మ్యాగజైన్ ఊడదీసి మార్చుకునే వీలుండి, పిస్టల్ లాంటి పిడో, మంట కనబడకుండా చేసే గొట్టపు తొడుగో, మడత పెట్టే బట్టో (భుజానికి ఆనించే వెనక భాగం), ఇలాంటివి ఒక్కటున్నా నిషేధమే. రూగర్ మినీ-14లో చెక్క బట్ ఉన్న మామూలు మోడల్ తీసుకోండి. అదే సైజు తూటా, అదే మ్యాగజైన్ పద్ధతి, నొక్కినప్పుడల్లా ఒకటి. పిస్టల్ పిడి లేదు, చూడ్డానికి మా తాత తుపాకీకి తమ్ముడిలా ఉంటుంది, కాబట్టి పాసైపోతుంది. కాలిఫోర్నియాలో 1989 నుంచీ ఇలాంటి చట్టం ఉంది. అక్కడి కంపెనీలు పిడికి చేప రెక్కలాంటి ప్లాస్టిక్ ముక్క తగిలించి, చెయ్యి చుట్టూ పట్టకుండా చేసి, అదే ఏఆర్-15ని అమ్ముకుంటున్నాయి. 1994 నుంచి 2004 దాకా దేశమంతా నిషేధం ఉన్నప్పుడూ ఇంతే, రెండు మూడు భాగాలు పీకేసి కొత్త పేరుతో అమ్మారు.

లెక్కలు కూడా మా వాదనకి పూర్తిగా తోడు రావు. ఎఫ్‌బీఐ 2019 లెక్కల్లో తుపాకీ హత్యలు 10,258. అందులో రైఫిల్‌తో జరిగినవని తేలినవి 364, అదీ అన్ని రకాల రైఫిళ్లూ కలిపి. మూడు వేల పైచిలుకు కేసుల్లో ఏ తుపాకీయో నమోదే కాలేదు కాబట్టి ఆ 364ని నేను పట్టుకుని వేలాడను. అయినా పిస్టళ్లతో జరిగినవి ఆరు వేలు దాటాయి. అమెరికాలో మన పిల్లలు గ్యాస్ స్టేషన్లలో, పార్కింగ్ లాట్లలో చనిపోయారని వచ్చే వార్తలు గుర్తు తెచ్చుకోండి. దాదాపు ఎప్పుడూ పిస్టలే. 2017లో కాన్సస్‌లోని ఒలేతాలో, "మా దేశం నుంచి పోండి" అంటూ మన ఇంజనీర్ని కాల్చి చంపినవాడి చేతిలో ఉన్నదీ పిస్టలే.

ఇక అమలు. ఉన్న రైఫిళ్లని నమోదు చేయడానికి గడువు 2024 జనవరి 1. ఆనాటికి రాష్ట్రంలో ఫాయిడ్ కార్డులున్నవాళ్లు సుమారు 24 లక్షలు. నమోదు చేసింది 29 వేల చిల్లర. అందరి దగ్గరా ఇలాంటివి ఉండవు, నిజమే. కానీ ఇంత తక్కువ మంది దగ్గరే ఉన్నాయంటే నమ్మేదెవరు? రాష్ట్రంలోని 102 కౌంటీల్లో చాలామంది షెరీఫులు (కౌంటీ పోలీసు పెద్దలు), మా డూపేజ్ షెరీఫ్‌తో సహా, మేం ఇంటింటికీ వెళ్లి ఎవరు నమోదు చేశారో చూడబోమని ముందే ప్రకటించారు.

శ్రీకాంత్ ఇవన్నీ చెప్పి, "చూశావా, నీతిమంతులకే చట్టం" అంటాడు. ఆ మాట నాకు నచ్చదు. ఏ చట్టానికైనా ఆ మాట అనొచ్చు. కానీ లక్షణాల పరీక్షని మాత్రం నేను ఇక సమర్థించలేను. పిడి ఆకారం చూసి ప్రమాదాన్ని కొలవడం, మీసం చూసి దొంగని పట్టుకున్నట్టుంది.

కార్డు ఇచ్చేచోట

మా చట్టానికి కారణమైన హైలాండ్ పార్క్ సంగతే చూడండి. 2022 జులై 4 పెరేడ్ మీద, మేడ పైనుంచి, నిమిషం లోపే 83 తూటాలు. 7 మంది చనిపోయారు, 48 మంది గాయపడ్డారు. ఆ ఊళ్లో ఈ రకం రైఫిళ్ల మీద 2013 నుంచీ నిషేధం ఉంది, అదే విచిత్రం. కోర్టుల దాకా వెళ్లి నెగ్గిన నిషేధం. హంతకుడు దర్జాగా వేరే ఊళ్లో కొనుక్కొచ్చాడు. ఊరి నిషేధం చాలదు కాబట్టి రాష్ట్ర నిషేధం కావాలన్నాం మేము. మరి నాకు ఇండియానా సరిహద్దు గంట దూరంలోనే ఉంది.

నాకు నిద్ర పట్టనివ్వనిది మాత్రం అంతకుముందు జరిగిన కథ. 2019 సెప్టెంబరులో ఆ అబ్బాయి ఇంట్లోవాళ్లని చంపుతానంటున్నాడని పోలీసులకి కబురొచ్చింది. వాళ్లు వెళ్లి 16 కత్తులు, ఒక బాకు, ఒక ఖడ్గం పట్టుకెళ్లారు. ఇతను ప్రమాదకరమని స్టేట్ పోలీసులకి రిపోర్టు కూడా పంపారు. మూడు నెలలు తిరగ్గానే, డిసెంబరులో, 19 ఏళ్ల ఆ కుర్రాడు ఫాయిడ్ కార్డుకి అప్లై చేశాడు. 21 నిండనివాళ్లకి తల్లో తండ్రో పూచీ సంతకం పెట్టాలి. తండ్రి పెట్టాడు. కార్డు వచ్చింది. ఆ సంతకానికే తండ్రి 2023లో నేరం ఒప్పుకున్నాడు.

మా ఇంటికి పావుగంట దూరంలోని అరోరాది ఇంకో కథ. 2019 ఫిబ్రవరిలో హెన్రీ ప్రాట్ ఫ్యాక్టరీలో, ఉద్యోగం పోతోందని పిలిచి చెబుతుండగా ఒకడు 5 గురిని కాల్చేశాడు. పిస్టల్‌తో. అతనికి 1995లో మిసిసిపీలో తీవ్రమైన దాడి కేసులో శిక్ష పడింది. తుపాకీ ఇవ్వనే కూడదు. అయినా 2014లో ఫాయిడ్ కార్డు వచ్చేసింది, తుపాకీ కొన్నాడు. ఆ తర్వాత తుపాకీ దాచుకుని తిరిగే పర్మిట్‌కి కూడా అప్లై చేసి తనంతట తనే వేలిముద్రలిచ్చాడు. అప్పుడు గానీ పాత కేసు బయటపడలేదు. కార్డు రద్దు చేస్తున్నాం, తుపాకీ అప్పగించమని ఉత్తరం రాశారు. అతను అప్పగించలేదు, ఎవరూ వెళ్లి తీసుకోలేదు. ఐదేళ్లు.

గ్రీన్ కార్డు కోసం మనం ఎన్నిసార్లు బయోమెట్రిక్స్‌కి వెళ్లి పదివేళ్లూ అద్దం మీద పెట్టి ఉంటాం? ఫాయిడ్ కార్డుకి వేలిముద్రలు ఈరోజుకీ తప్పనిసరి కాదు, ఇష్టమైతే ఇవ్వొచ్చు. ఆలెన్ హంతకుణ్ణి 2008లో సైన్యంలో చేరిన మూడు నెలలకే మానసిక ఆరోగ్యం బాగాలేదని పంపించేశారు. అతని దగ్గర దొరికిన 8 తుపాకులూ చట్టప్రకారం సంపాదించినవే. టెక్సస్‌లో ఫాయిడ్ లాంటిదే లేదు.

ఇవన్నీ పక్కపక్కన పెట్టుకుని చూస్తే నాకు అర్థమైంది ఇదీ: ఈ మూడు చోట్లా తప్పింది తుపాకీ పేరు దగ్గర కాదు, మనిషి దగ్గర. ఎవరికి ఇస్తున్నాం, ఎవరు చూసి ఇచ్చారు, తేడా వచ్చాక ఎవరు వెనక్కి తీసుకున్నారు. జాబితా రాసే ఓపికలో సగం కార్డు ఇచ్చేచోట పెట్టి ఉంటే బాగుండేది. జాబితా వద్దని నేననను. కానీ కోర్టులో రెండిట్లో ఒకటే మిగులుతుందంటే జాబితాని వదులుకుంటాను, కార్డుని వదులుకోను.

కోర్టు మాట ఊరికే అనలేదు. మా చట్టాన్ని కొట్టేయమని కేసులు పడ్డాయి: 2023లో నేపర్‌విల్ కేసులో అప్పీలు కోర్టు చట్టాన్ని ఆపనంది, 2024 నవంబరులో దక్షిణ ఇల్లినాయిస్ జడ్జి కొట్టేశారు, ఆ తీర్పుని మళ్లీ అప్పీలు కోర్టు ఆపింది. 2025 జూన్‌లో మేరీలాండ్ నిషేధం మీద కేసుని సుప్రీంకోర్టు తీసుకోకపోయినా, జస్టిస్ కావనా ఒకటి రెండు టర్ముల్లో దీన్ని తేల్చాల్సిందేనని రాశారు. సుప్రీంకోర్టు చూపు ఎటుందో ఊహించడం కష్టం కాదు. అదే మేరీలాండ్‌లో పిస్టల్ కొనాలంటే ట్రైనింగూ వేలిముద్రలూ అడిగే లైసెన్సు చట్టం మాత్రం 2024లో అప్పీలు కోర్టులో నిలబడింది. కొలరాడోలో 2025లో నిషేధంగా మొదలైన బిల్లు చివరికి ట్రైనింగ్ అయ్యి షెరీఫ్ ఇచ్చిన కార్డు ఉంటేనే కొనొచ్చనే దారికొచ్చింది. వాషింగ్టన్ రాష్ట్రం వాళ్లు 2023లో నిషేధం పెట్టి, రెండేళ్లకి పర్మిట్ చట్టం కూడా తెచ్చారు.

జాబితాతో పాటు మా చట్టంలో ఉన్న మరో ముక్కని మాత్రం ఎవరేమన్నా వదలను: రైఫిల్ మ్యాగజైన్‌కి 10 తూటాల పరిమితి. 2011లో అరిజోనాలోని ట్యూసాన్‌లో కాంగ్రెస్ సభ్యురాలు గిఫర్డ్స్ సభ మీద కాల్చినవాణ్ణి జనం పట్టుకున్నది మ్యాగజైన్ మార్చబోతున్నప్పుడే. అతని దగ్గర ఉన్నది మామూలు పిస్టల్, దానికి 33 తూటాల మ్యాగజైన్. రేంజ్‌లో నా మెడ కాలినప్పుడు గంతులేసిన ఆ నాలుగు సెకన్లున్నాయే, అలాంటి నాలుగు సెకన్లు ఎదుటివాళ్లకి దొరకాలి.

తాత తుపాకీ

ఇంత చెప్పాక, దీనికి గట్టి ఎదురుమాట మా ఇంట్లోనే ఉంది.

మా తాత గ్రామ మునసబు. తుపాకీ లైసెన్సు ఆయనకి ఎందుకొచ్చింది? మునసబు కాబట్టి వచ్చింది. 1984లో రామారావు ఆ పదవులు ఎత్తేశాక కూడా లైసెన్సు రెన్యూ అవుతూనే ఉంది, ఎందుకంటే తహసీల్దారు దగ్గర్నుంచి ఎస్సై దాకా ఆయనకి తెలుసు. మా పొలం పక్కనే అడవిపందులతో వేగలేక సగం వేరుశనగ పోగొట్టుకున్న మాదిగ వెంకటన్నకి లైసెన్సు ఎవరైనా ఇచ్చేవాళ్లా? ఆయన అడగనైనా అడగలేదు. "గుమ్మం దగ్గర ఎవడో ఒకణ్ణి నిలబెడితే వాడికి తెలిసినవాళ్లే లోపలికి పోతారు బావా, మన ఊరు మర్చిపోయావా?" అని శ్రీకాంత్ అడిగితే మర్చిపోయానని ఎలా అనను? ఇక్కడ కూడా న్యూయార్క్‌లో పిస్టల్ పెట్టుకుని బయట తిరగాలంటే తగిన కారణం చూపించాలన్న షరతుని 2022లో సుప్రీంకోర్టు కొట్టేసింది; ఆ కారణం చాలో చాలదో తేల్చేది అధికారే. నల్లవాళ్లకి, మనలాంటి వలస వాళ్లకి కార్డు ఇవ్వకుండా ఆపేస్తే అడిగేదెవరు? కాబట్టి అధికారి ఇష్టం కాదు, రాసిపెట్టిన కారణాలు, గడువు, అప్పీలు ఉండాలి. అవున్నా పక్షపాతం పూర్తిగా పోతుందని నేను నమ్మను.

వాడి రెండో మాట, "రాయలసీమలో తుపాకులెన్ని? నాటుబాంబులతో, వేటకొడవళ్లతో చంపుకోలేదా?" చంపుకున్నారు. కానీ నాటుబాంబు చుట్టేవాడి చేతులే ఎగిరిపోయిన కథలు మా ఊళ్లో పిల్లలకి కూడా తెలుసు. ఆ గొడవల్లో ఏఆర్-15లు ఉండి ఉంటే ఎన్ని ఊళ్లు ఖాళీ అయ్యేవో ఊహించుకోమన్నాను. వాడు ఒప్పుకోలేదు, కాదనీ అనలేదు.

తాత గురించి నాకు బాగా గుర్తున్నది ఇంకొకటి. ఎన్నికలొస్తే లైసెన్సు తుపాకులు స్టేషన్లో జమ చేయాలి. తుపాకీని పాత దుప్పట్లో చుట్టి, పురికొసతో కట్టి, ఎర్ర బస్సులో సీటు కింద పెట్టుకుని వెళ్లేవాడు. కండక్టర్ దానికి లగేజీ టికెట్ కొట్టేవాడు. స్టేషన్లో రసీదు ఇస్తే దాన్ని నాలుగు మడతలు పెట్టి బొడ్డు సంచిలో దాచుకునేవాడు. అంత పరపతి ఉన్న మనిషి, ఒక్కసారి కూడా "నా తుపాకీ నేనెందుకివ్వాలి" అనడం నేను వినలేదు. ఆ మాట చెబితే శ్రీకాంత్, "అందుకే మనవాళ్లు అలా ఉన్నారు" అన్నాడు. ఇది మాత్రం ఇద్దరం ఎప్పటికీ తేల్చుకోలేం.

జులైలో వాళ్లు వచ్చారు. ముప్పై తూటాల మ్యాగజైన్లు అక్కడే అమ్మేశాడు, రైఫిల్ తెచ్చుకుని బేస్‌మెంట్‌లో సేఫ్‌లో పెట్టాడు. ఆగస్టు చివర్లో, గడువు ఇంకా వారం ఉందనగా, మా డైనింగ్ టేబుల్ దగ్గర కూర్చుని అఫిడవిట్ నింపాడు. సీరియల్ నంబరు వాడి ఫోన్లో ఫొటో చూసి నేనే చదివి చెప్పాను. మధ్యలో ఒక అక్షరం సున్నానా ఓ అక్షరమా అని ఇద్దరం కళ్లజోళ్లు పైకెత్తి చూశాం. ఐదు నిమిషాల పని.

"మరి చిన్నోడిది?" అని అడిగాను. వాళ్లబ్బాయికి పంతొమ్మిదేళ్లు, అర్బానాలో యూనివర్సిటీలో చేరాడు. ఫ్రెండ్స్‌తో రేంజ్‌కి వెళ్తానని తనకీ ఫాయిడ్ కార్డు కావాలంటున్నాడని నెల్రోజుల కిందటే చెప్పాడు. తండ్రి పూచీ కాగితం, నోటరీ, అన్నీ నేనే ప్రింట్ తీసిచ్చాను.

శ్రీకాంత్ ల్యాప్‌టాప్ మూశాడు.

"కార్లోనే ఉంది బావా. సంతకం పెట్టలేదింకా. వాడీమధ్య ఫోన్ చేస్తే సరిగ్గా ఎత్తట్లేదు, ఎత్తినా రెండు ముక్కలు మాట్లాడి పెట్టేస్తున్నాడు. థాంక్స్‌గివింగ్‌కి ఇంటికొస్తాడుగా. మనిషిని చూశాక ఆలోచిస్తా."